కఱవు కథయు రంగస్థలమును

నాటక పరిషత్తుల పోటీలలో కరపత్రముపై ‘మూలకథ’ యని కథకుని పేరు ప్రకటించి, చిన్నకథను నాటికగా మార్చి ప్రదర్శించు పద్ధతి తెలుగునాట బాగుగా వ్యాపించినది. ఇది మంచిదే. అనంతపురపు మెట్టసీమ కథలు ఇట్లు రంగమెక్కుట మఱింత మంచిది. పఠనమందిరమున చదువరి కథను ఒంటరిగా చదువుకొని, నిట్టూర్చి, పత్రికను మడిచిపెట్టి పోవును. నాటికను అక్షరము రానివాడును చూచును. ఆ కథ యెవరిని గూర్చి వ్రాయబడినదో వాడే వచ్చి ముందువరుసలో నేలపై కూర్చుండును. కావున కథకుని కంటె నాటికాకర్త బాధ్యత పెద్దది.

ఇక్కడనే మాకొక శంక కలుగుచున్నది. వ్యాసభారతమున దుష్యంతుడు శకుంతలను గుర్తించియే, లోకాపవాదమునకు వెఱచి, ఎఱుగనని బొంకెను. కాళిదాసు దూర్వాసుని శాపమును, ఉంగరమును కల్పించెను. నాటకము జగత్ప్రసిద్ధమైనది, రాజు నిర్దోషి యయ్యెను. మహాకవిని తప్పుపట్టు సాహసము మాకు లేదు. కాని మన నాటికాకర్తలు కఱవునకు ఇట్టి శాపమునే తగిలించినయెడల తప్పించుకొనువారెవరు? వడ్డీకి వడ్డీ కట్టువాడు తప్పించుకొనును. చెఱువు పూడిపోవుచుండగా చూచుచు కూర్చున్నవారు తప్పించుకొందురు. ఎండిన బోరు ప్రక్కనే మఱియొక బోరు వేయుమని పురికొల్పినవాడును తప్పించుకొనును. రైతు మాత్రము విధివంచితుడై కన్నీరు కార్చుచు నిలుచును. ప్రేక్షకులు జాలిపడి యిండ్లకు పోవుదురు.

ఈ సీమ స్థితి యెట్టిది? పడమటి కనుమల చాటున నుండుటచే నైరుతి మేఘము ఇటు చేరునప్పటికి చిక్కిపోవును; తీరమునకు దూరమగుటచే ఈశాన్యపు వానయు కొద్దిగనే వచ్చును. ఏడాదికి సుమారు 550 మిల్లీమీటర్లు సగటు. అదియైనను వేళకు పడిన గదా! పదునునకు విత్తిన వేరుసెనగ ఊడలు దిగువేళ వాన మొగము చాటుచేసినచో కాయ నిండదు. ఇందు పిడుగు లేదు, ప్రళయము లేదు. ఉన్నదెల్లయు ఎదురుచూపు. ఆ యెదురుచూపును కథకుడు రెండు వాక్యములలో చెప్పగలడు. రంగముపై నటుడు దానిని మోసి నిలువవలెను. మన దర్శకులు ఆ నిశ్శబ్దమునకు భయపడి, బుఱ్ఱమీసముల వడ్డీవ్యాపారిని, ఒక నృత్యమును, ఒక ఉరిత్రాటిని చేర్చుచున్నారు. కడపటి రంగమున తెరవెనుక రేకు ఊపి ఉఱుము పుట్టించి వాన కురిపించుచున్నారు! కథలో లేని వానను నాటికలో కురిపించు అధికారము వారికెవరిచ్చిరి?

నిశ్శబ్దము రంగముపై నిలువదనుట సరికాదు. రష్యా కథకుడు చెహోవు 1886లో వ్రాసిన ‘కల్ఖాస్’ కథను మఱుసటి యేడు తానే ‘హంసగీతి’ యను నాటికగా మార్చెను. ప్రేక్షకులు వెడలిపోయిన నాటకశాల, అర్ధరాత్రము, ఒక ముసలి నటుడు, పాఠమందించు మఱియొక వృద్ధుడు: అంతియే సంవిధానము. అంత దూరమేల? 1880లో తాడిపత్రిలో పుట్టిన బళ్ళారి రాఘవ, పద్యమును రాగము తీసి సాగదీయుట నటన కాదని, భావము పలుకవలెనని జీవితాంతము పోరాడెను. ఆయన పుట్టిన సీమలో ఉఱుము రేకునకు ఇంత గౌరవమేల?

మఱియొక మాట. 1957 నాటి కాపీరైటు చట్టము ననుసరించి కథను నాటకముగా మార్చు హక్కు కథకునిది. ఆయన మరణానంతరము 60 సంవత్సరముల వఱకు వారసులది. కరపత్రమున చిన్న అక్షరములతో పేరు వేసినంత మాత్రమున అనుమతి లభించినట్లు కాదు. ముగింపు మార్చదలచినచో ఆ మార్పును కథకునకు ముందుగా చూపవలెను. పరిషత్తులవారు ప్రవేశపత్రముతో పాటు ఆయన వ్రాతపూర్వకమైన సమ్మతిని కోరినయెడల ఈ తగవు సగము తీరును. ఇది వ్యయము లేని సంస్కరణము. కార్యదర్శులు ఈ యేటనే చేయవచ్చును.

తక్కిన సగము నటకులది. బహుమతి వచ్చిన నాటికను పట్టణపు మందిరముతో ముగింపక, కళ్యాణదుర్గము, రాయదుర్గము ప్రాంతపు పల్లెలలో నొక్క రాత్రి ఆడి చూడుడు. న్యాయనిర్ణేతలు చెప్పని మాటలను అక్కడి సేద్యగాండ్రు చెప్పుదురు. చెప్పినవానిని వ్రాసికొని వచ్చి నాటికను సవరింపుడు. ఆ సవరించిన ప్రతిని చూచుటకు మేమును వత్తుము.