ఇన్‌బాక్స్ నిండా ఆఫర్లే.. ఆ గుట్ట కింద బ్యాంక్ అలర్ట్ ఉంటే? అన్‌సబ్‌స్క్రైబ్ బటన్ వెనుక అసలు కథ

ఫోన్‌లో మెయిల్ ఐకాన్ మీద ఎర్రటి గుండ్రం, అందులో నాలుగంకెల నంబర్.. చాలామందికి ఇది ఎప్పుడో కంటికి అలవాటైపోయింది. లోపలికి వెళ్తే షాపింగ్ యాప్ సేల్ మెయిల్, మూడేళ్ల కిందట ఒక్కసారి టికెట్ తీసుకున్న బస్సుల సైట్ డిస్కౌంట్, 'మీకు లోన్ అప్రూవ్ అయింది' అనే ఊరింపు, జాబ్ పోర్టల్ నుంచి రోజుకు అరడజను అలర్టులు. ఎవరూ చదవరు. డిలీటూ చేయరు. అలా వచ్చి పడుతూనే ఉంటాయి.

ఇదేదో చిన్న చిరాకులే అనుకుంటే పొరపాటే. బ్యాంక్ అలర్ట్ వచ్చేది ఆ ఇన్‌బాక్స్‌కే. ఇన్‌కమ్ ట్యాక్స్ నోటీసు వచ్చేదీ, ఇంటర్వ్యూ పిలుపు వచ్చేదీ, అమెరికా యూనివర్సిటీకి అప్లై చేసిన పిల్లలకు అడ్మిషన్ లెటర్ వచ్చేదీ అక్కడికే. 'చూసుకోలేదండీ' అంటే కుదరదు. ఫలానా ఈమెయిల్‌కు పంపండి అని చిరునామా ఇచ్చాక, మెసేజ్ ఆ ఖాతాలోకి చేరిన క్షణమే అందినట్టు లెక్క అని ఐటీ చట్టం-2000లోని సెక్షన్ 13 చెబుతోంది. తెరిచి చదివారా లేదా అన్నది దానికి అనవసరం.

డబ్బు విషయానికొస్తే ఇంకా సూటిగా ఉంటుంది. 2017 జూలైలో ఆర్‌బీఐ ఇచ్చిన సర్క్యులర్ ప్రకారం.. బ్యాంకు తప్పు, కస్టమర్ తప్పు లేకుండా బయటి వ్యక్తి ఖాతా నుంచి డబ్బు కొట్టేస్తే, బ్యాంక్ సమాచారం అందిన 3 పనిదినాల్లోపు ఫిర్యాదు చేయాలి. అలా చేస్తే కస్టమర్‌పై పైసా భారం పడదు. 4 నుంచి 7 రోజులు పడితే కొంత నష్టం భరించాలి. అదీ దాటితే బ్యాంక్ పాలసీ ఎలా ఉంటే అలా. అలర్ట్ ఎస్ఎంఎస్ రూపంలోనూ వస్తుంది కదా అనొచ్చు. నిజమే. కానీ మెసేజుల యాప్ పరిస్థితి ఇన్‌బాక్స్ కంటే గొప్పగా ఏమైనా ఉందా?

గంటలో వందల మెయిళ్లు వస్తే జాగ్రత్త

ఇక్కడే సైబర్ నేరగాళ్లు కొత్త దారి పట్టారు. దీన్ని సబ్‌స్క్రిప్షన్ బాంబింగ్ అంటారు. ఒకరి ఈమెయిల్ అడ్రస్‌ను ప్రోగ్రామ్ సాయంతో వందలు, వేల న్యూస్‌లెటర్ల ఫారాల్లో ఒకేసారి నింపేస్తారు. నిమిషాల్లో ఇన్‌బాక్స్ కిక్కిరిసిపోతుంది. ఆ వచ్చేవన్నీ నిజమైన కంపెనీల నుంచి వచ్చే 'వెల్‌కమ్' మెయిళ్లే కాబట్టి స్పామ్ ఫిల్టర్‌కు సులువుగా చిక్కవు. 2016 ఆగస్టులో అమెరికా ప్రభుత్వ ఈమెయిల్ చిరునామాలపై ఇలాంటి దాడే జరిగింది.

ఏడిపించడానికే ఇదంతా చేస్తారా అంటే, ఎప్పుడూ కాదు. ఎక్కువసార్లు అదొక తెర. పాస్‌వర్డ్ మారిందన్న మెయిలో, కార్డు మీద ఆర్డర్ పడిందన్న మెయిలో ఆ కుప్పలో కలిసిపోవాలన్నదే ప్లాన్. బాధితుడు ఒక్కో దానికీ అన్‌సబ్‌స్క్రైబ్ కొట్టుకుంటూ కూర్చుంటే అవతలివాడి పని పూర్తవుతుంది. అందుకే ఉన్నట్టుండి మెయిళ్ల వరద మొదలైతే ముందు చూడాల్సింది ఇన్‌బాక్స్ కాదు, బ్యాంక్ యాప్. తర్వాత షాపింగ్ ఖాతాలు. తేడా కనిపిస్తే బ్యాంకుకు చెప్పి, వెంటనే 1930కి ఫోన్ చేయాలి.

బటన్ ఉంది.. చట్టమే లేదు

అడగని మెయిల్ గోల నిన్న మొన్నటిది కాదు. 1978లోనే ఒక కంప్యూటర్ కంపెనీ సేల్స్ ఉద్యోగి ఆర్పానెట్‌లో దాదాపు 400 మందికి ఒకేసారి ప్రకటన పంపాడు. తిట్లు పడ్డాయి, అమ్మకాలూ జరిగాయి. ఆ రెండో మాటే ఈ వ్యాపారాన్ని ఇప్పటిదాకా నడిపిస్తోంది.

అమెరికా 2003లో క్యాన్-స్పామ్ చట్టం తెచ్చింది. వద్దన్నవాళ్లకు 10 పనిదినాల్లోపు మెయిళ్లు ఆపాలన్నది అందులో నిబంధన. మన దగ్గర కాల్స్, ఎస్ఎంఎస్‌లకు ట్రాయ్ రూల్స్ ఉన్నాయి, 1909 నంబర్ ఉంది, డీఎన్‌డీ పెట్టుకునే వీలుంది. ఆ రూల్స్ పరిధిలో ఈమెయిల్ మాత్రం లేదు. ఒకప్పుడు ఐటీ చట్టం సెక్షన్ 66ఏలో విసిగించే, మోసపుచ్చే ఈమెయిళ్ల ప్రస్తావన ఉండేది. సోషల్ మీడియా పోస్టుల మీద అరెస్టులకు ఆ సెక్షన్‌ను వాడటంతో 2015 మార్చిలో సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసింది. కొట్టేయడం సరైనదే. కానీ ఆ ఖాళీలో స్పామ్ మెయిళ్ల కోసం ప్రత్యేకంగా మరో చట్టం రాలేదు.

మరి ఇప్పుడు జీమెయిల్‌లో పంపినవారి పేరు పక్కన కనిపించే అన్‌సబ్‌స్క్రైబ్ ఎవరి పుణ్యం? సర్కారుది కాదు, గూగుల్, యాహూలది. జీమెయిల్ ఖాతాలకు రోజుకు 5 వేలకు పైగా మెయిళ్లు పంపేవాళ్లకు 2024 ఫిబ్రవరి నుంచి గూగుల్ కొత్త షరతులు పెట్టింది. ప్రచార మెయిళ్లలో ఒక్క క్లిక్‌తో తప్పుకునే వీలుండాలి. అడిగిన రెండు రోజుల్లో ఆపేయాలి. స్పామ్ ఫిర్యాదుల రేటు 0.3 శాతానికి చేరకూడదు. చేరితే మిగతా మెయిళ్లు కూడా ఇన్‌బాక్స్‌కు వెళ్లడం కష్టమవుతుంది. 2025 జూలైలో 'మేనేజ్ సబ్‌స్క్రిప్షన్స్' పేజీ కూడా తెచ్చింది. యాప్‌లో ఎడమవైపు మెనూలోకి వెళ్తే ఎవరెవరు ఎన్ని పంపుతున్నారో ఒకేచోట కనిపిస్తుంది, అక్కడే ఆపేయొచ్చు.

ప్రభుత్వం చేయాల్సిన కట్టడిని ఒక ప్రైవేట్ కంపెనీ తన సర్వర్ల సౌకర్యం కోసం చేస్తోందన్నమాట. రేపు ఆ కంపెనీ మనసు మార్చుకుంటే అడిగే హక్కు యూజర్‌కు ఎక్కడుంది?

కొంత ఆశ డేటా రక్షణ చట్టం మీద ఉంది. 2023లో వచ్చిన డీపీడీపీ చట్టం ప్రకారం సమ్మతి ఇవ్వడం ఎంత తేలికో, వెనక్కి తీసుకోవడమూ అంతే తేలిగ్గా ఉండాలి. ఒక్క టిక్‌తో చేర్చుకుని, బయటపడటానికి లాగిన్ అడిగి, మూడు పేజీలు తిప్పే పద్ధతికి ఇది నేరుగా తగులుతుంది. రూల్స్ 2025 నవంబర్‌లో నోటిఫై అయ్యాయి. అయితే సమ్మతికి సంబంధించిన నిబంధనలు అమల్లోకి రావడానికి 18 నెలల గడువిచ్చారు. అంటే 2027 మే. పాత జాబితాలు ఆ రోజుతో మాయమైపోవు కూడా. ఇప్పటికే డేటా ఉన్న కంపెనీలు నోటీసు పంపి, వద్దనేదాకా వాడుకోవచ్చు. 2018 మేలో యూరప్‌లో జీడీపీఆర్ అమలైనప్పుడు 'మా పాలసీ మారింది' అంటూ జనాల ఇన్‌బాక్స్‌లు నిండిపోయాయి. మన దగ్గరా మెయిళ్లు తగ్గించే చట్టం ముందుగా మెయిళ్లు పెంచే సూచనలే ఎక్కువ.

ఏది నొక్కాలి, ఏది నొక్కకూడదు?

అందరూ తడబడేది ఇక్కడే. గుర్తుపట్టగలిగే కంపెనీ, ఎప్పుడో మనమే అడ్రస్ ఇచ్చిన యాప్ అయితే అన్‌సబ్‌స్క్రైబ్ చేయడమే మంచిది. మెయిల్ కింద సన్నటి అక్షరాల్లో ఉండే లింక్ కంటే, పైన జీమెయిల్ చూపించే బటన్ నయం.

ఎన్నడూ వినని పేరు, లాటరీ, కేవైసీ, పార్శిల్ ఆగిపోయిందన్న కబురు.. ఇలాంటి వాటిలో అన్‌సబ్‌స్క్రైబ్ లింక్ కూడా ఎరే కావొచ్చు. నొక్కితే ఈ అడ్రస్‌ను ఎవరో వాడుతున్నారని అవతలివాడికి రూఢి అవుతుంది, లేదంటే నకిలీ లాగిన్ పేజీ తెరుచుకుంటుంది. వాటిని స్పామ్‌గా రిపోర్ట్ చేసి వదిలేయాలి. తప్పుకోవడానికి పాస్‌వర్డ్ అడిగిన ఏ పేజీనైనా అక్కడే మూసేయాలి.

కోపం కొద్దీ చాలామంది చేసే తప్పు ఇంకొకటుంది. బ్యాంక్ పంపే క్రెడిట్ కార్డ్ ఆఫర్ల మీద విసుగొచ్చి ఆ అడ్రస్‌నే స్పామ్‌లో వేయడం, బ్లాక్ చేయడం. అదే అడ్రస్ నుంచి అలర్టులూ వస్తుంటే అవీ స్పామ్ ఫోల్డర్‌లోకి పోతాయి, 30 రోజుల తర్వాత వాటంతటవే చెరిగిపోతాయి. బ్యాంకులు, బీమా కంపెనీల విషయంలో ఆఫర్లకు మాత్రమే అన్‌సబ్‌స్క్రైబ్ చెప్పాలి.

'మీ ఇన్‌బాక్స్ మేమే శుభ్రం చేస్తాం' అనే ఉచిత యాప్‌లకు మెయిల్ మొత్తం తాళం ఇచ్చేముందు అమెరికాలో అన్‌రోల్.మీ కథ గుర్తుంచుకుంటే మంచిది. న్యూస్‌లెటర్లు తొలగించే ఆ సర్వీస్ యూజర్ల రసీదుల సమాచారాన్ని పేర్లు తీసేసి అమ్ముకుంటోందని 2017లో బయటపడింది. 2019లో అక్కడి ఫెడరల్ ట్రేడ్ కమిషన్‌తో ఆ కంపెనీ సెటిల్‌మెంట్‌కు రావాల్సి వచ్చింది.

15 జీబీ నిండితే..

గూగుల్ ఉచితంగా ఇచ్చే 15 జీబీలోనే మెయిళ్లు, ఫొటోలు, డ్రైవ్ ఫైళ్లు అన్నీ సర్దుకోవాలి. అది నిండితే కొత్త మెయిల్ రాదు, పంపినవాళ్లకే తిరిగి వెళ్తుంది. హాల్ టికెట్ అయినా అంతే, ఆఫర్ లెటర్ అయినా అంతే.

పాత చెత్త తీయడానికి కంప్యూటర్ ముందు అరగంట కూర్చుంటే పని తేలిగ్గా అయిపోతుంది. సెర్చ్‌లో అన్‌సబ్‌స్క్రైబ్ అని ఇంగ్లీషులో కొడితే ఆ మాట ఉన్న మెయిళ్లన్నీ వరుసకడతాయి. సెలెక్ట్ ఆల్ నొక్కాక పైన వచ్చే రెండో లైన్‌నూ నొక్కాలి, లేదంటే ఆ పేజీలో ఉన్నవే ఎంపికవుతాయి. డిలీట్ కొట్టేముందు ఒకసారి పైనుంచి కిందికి చూసుకోవాలి. బీమా రసీదులు, రైలు టికెట్ల అడుగున కూడా ఆ మాట ఉంటుంది. పొరపాటున పోయినా 30 రోజులు ట్రాష్‌లోనే ఉంటాయి, వెనక్కి తెచ్చుకోవచ్చు.