బొటనవేలికి 30 శాతం

మన కోడింగ్ పోటీల్లో ఇచ్చే ప్రాబ్లమ్స్ కంటే తేలికైన లెక్క ఒకటి చెప్తాను. నెల జీతంలో 60 శాతం తీసుకోండి. దాన్ని ప్రమాదం జరిగిన నాటి వయసుకి చట్టంలో ఇచ్చిన అంకెతో గుణించండి. 19 ఏళ్ళకి ఆ అంకె 225.22, 30 ఏళ్ళకి 207.98, 40కి 184.17. మనిషి ఇక ఏ పనీ చేయలేని స్థితికి వస్తే ఆ మొత్తం అంతా ఇవ్వాలి. ఒక అవయవం పోతే అందులో కొంత శాతం. బొటనవేలు 30, చూపుడు వేలు 14, ఉంగరం వేలు 7.

పనిలో గాయపడిన కూలీకి యజమాని ఇవ్వాల్సిన నష్టపరిహారం లెక్క ఇదే. 1923 నాటి చట్టం. 2025 నవంబర్ 21న దాని స్థానంలోకి సామాజిక భద్రత కోడ్ వచ్చింది గానీ, లెక్క దాదాపు అలాగే ఉంది. (ఈఎస్ఐ ఉన్నవాళ్ళ దారి వేరు, అది ఇంకోసారి.) నాకు ఇందులో బాగా నచ్చింది ఏంటంటే, "తప్పెవరిది" అనే ఇన్‌పుట్టే లేదు. తాగి ఉండటం, భద్రత కోసం పెట్టిన నియమాన్ని కావాలని ధిక్కరించడం, మెషిన్‌కి ఉన్న గార్డుని కావాలని తీసేయడం, ఇవి మాత్రమే మినహాయింపులు. మనిషి చనిపోయినా, పూర్తిగా పనికి దూరమైనా ఆ మినహాయింపులు కూడా వర్తించవు. పరధ్యానం, అజాగ్రత్త ఆ లిస్టులో లేవు. రోజుకూలీకి కూడా ఇదే చట్టం.

మరి డబ్బులెందుకు రావు?

మన హాస్టల్ వెనకాల కొత్త బ్లాక్ కడుతున్నారు కదా. పోయిన సెప్టెంబర్‌లో, అంటే 2025లో, అక్కడ టైల్స్ కోసే మెషిన్‌లో పడి ఒకాయన కుడి బొటనవేలు పోయింది. ఆ మెషిన్ గార్డు ఆయన పనిలో చేరకముందే ఊడిపోయిందట. శ్రీకాకుళం వైపు మనిషి, 30 ఏళ్ళు, రోజుకి 800. టీ కొట్టు దగ్గర అడిగితే, "పాతిక వేలిచ్చారు బాబూ, ఆస్పత్రి బిల్లు కూడా వాళ్ళే కట్టారు, మంచోళ్ళే" అన్నాడు.

లెక్క వేద్దాం. ఆయన నిజంగా సంపాదించేది నెలకి 20 వేల దాకా ఉంటుంది. కానీ 2020 జనవరి నుంచి ఈ లెక్కలో జీతం 15,000 దాటి తీసుకోరు. (ఇన్నేళ్ళలో టీ రేటు మారింది, ఇది మారలేదు.) అందులో 60 శాతం 9,000. దాన్ని 207.98తో గుణిస్తే 18,71,820. అందులో 30 శాతం అంటే 5,61,546 రూపాయలు. వైద్యం ఖర్చు దీనికి అదనం, అదీ యజమానిదే. కాబట్టి బిల్లు కట్టడం మంచితనం కాదు, బాకీ తీర్చడం. మిగిలిన పాతిక వేలు రావాల్సిన దాంట్లో ఇరవయ్యో వంతు కూడా కాదు.

డబ్బు ఇచ్చినప్పుడు "ఇకమీదట నాకేమీ రావాల్సింది లేదు" అని రాసిన కాగితం మీద ఎడమచేతి వేలిముద్ర వేయించుకున్నారు. 1923 చట్టం సెక్షన్ 17 ప్రకారం అలా హక్కు వదులుకునే ఒప్పందం చెల్లదు. కానీ ఆయనకి ఆ కాగితమే చట్టం. కేసు వేస్తే తననే జైల్లో పెడతారేమో అని భయం.

రెండో గోడ ఇంకా ఎత్తు. అసలు ఆయన ఎవరి మనిషి? హాజరు మేస్త్రీ జేబులో ఉండే చిన్న పుస్తకంలో ఉంటుంది. మేస్త్రీ పైన సబ్ కాంట్రాక్టర్, ఆ పైన కంపెనీ. అడిగితే "మా రికార్డులో ఆ పేరు లేదు" అంటారు. లెక్క ఎంత బాగున్నా ఇన్‌పుట్ దగ్గరే ఆగిపోతుంది. అయితే ఈ మధ్య మేస్త్రీలు శనివారం కూలి ఫోన్‌పేలో వేస్తున్నారు. ప్రతి వారం, తేదీతో సహా, ఎవరు ఎంత పంపారో ఉంటుంది. ఇంతకంటే మంచి రుజువు పాతకాలం కూలీకి ఎక్కడిది?

ఆ శాతాల పట్టికతో మాత్రం నాకు పేచీ ఉంది. నా చూపుడు వేలు పోతే తొమ్మిది వేళ్ళతో కోడ్ రాసుకుంటాను. సెంట్రింగ్ ఊచలు వంచేవాడికి? ఇద్దరికీ 14 శాతమే. 1975లో సుప్రీంకోర్టు ముందుకి ఒక వడ్రంగి కేసు వచ్చింది. సినిమా హాల్లో పని చేస్తూ కింద పడి ఎడమ చెయ్యి పోగొట్టుకున్నాడు. పోయింది ఒక చెయ్యే కదా అని యజమాని వాదన. ఒంటి చేత్తో వడ్రంగం ఎలా చేస్తాడని కోర్టు 100 శాతం నష్టంగానే ఒప్పుకుంది. మరి టైల్స్ మేస్త్రీకి కుడి బొటనవేలు? మన సైట్ ఆయన ఇప్పుడు ఇసుక జల్లెడ పడుతున్నాడు, కూలి 500.

2024 ఆగస్టు 21న అచ్యుతాపురం ఫార్మా కంపెనీ ప్రమాదంలో 17 మంది చనిపోతే కుటుంబానికి కోటి చొప్పున ప్రకటించారు. ఇవ్వాల్సిందే. కానీ టీవీ కెమెరా రాని చోట ఒక్కడికి దెబ్బ తగిలితే ఎవరూ ఏమీ ప్రకటించరు. వాడికి మిగిలేది ఈ లెక్క ఒక్కటే.

ఆయన ఇంకా సరే అనలేదు. మేస్త్రీ సొంత ఊరివాడు, అడ్వాన్సు ఇచ్చి తీసుకొచ్చినవాడు, అతని మీద కేసు ఎలా వేస్తానంటాడు. సెక్షన్ 12 ప్రకారం పై కంపెనీ నుంచే నేరుగా అడగొచ్చని చెప్పాం. ఆలోచిస్తానన్నాడు. క్లెయిమ్ వేయడానికి రెండేళ్ళ గడువు, 2027 సెప్టెంబర్ దాకా. ఈలోగా ఈ శనివారం సాయంత్రం ఐదింటికి టీ కొట్టు దగ్గర కూర్చుని ఆయన ఫోన్‌లో మేస్త్రీ పంపిన డబ్బుల స్క్రీన్‌షాట్లు తీసి పెడుతున్నాం. వీలున్నవాళ్ళు రండి. రూమ్‌లో ప్రింటర్ ఉన్నవాళ్ళు తప్పకుండా రండి.