తప్పు చేయకున్నా బెరుకే



‘తప్పు చేయనివారికి కెమెరా అంటే భయమెందుకు?’ అని గతవారం మీ పత్రిక వ్యాసకర్త అడిగారు. హాస్టల్లో ఇంటర్ చదివే మా అమ్మాయి సెలవులకు వచ్చింది. పుస్తకం ముందు కూర్చుని మాటిమాటికీ గోడ మూలకేసి చూస్తోంది. మా ఇంట్లో కెమెరా లేదు; అది వాళ్ల స్టడీ హాల్లో ఉంది. తను ఏ తప్పూ చేయలేదు.

18వ శతాబ్దంలో ఆంగ్ల తత్వవేత్త బెంథామ్ ఊహించిన జైలు కిటుకు ఇదే: కావలివాడు చూస్తున్నాడో లేదో తెలియకపోతే చాలు, ఖైదీ తనకు తానే కాపలా కాసుకుంటాడు. పిల్లలు తప్పులు చేస్తూ, దిద్దుకుంటూ నేర్చుకోవాలి. నిత్యం చూపు కింద ఉంటే సందేహం అడగడానికే జంకుతారు.

గోప్యత ప్రాథమిక హక్కని 2017లో సుప్రీంకోర్టు తొమ్మిదిమంది న్యాయమూర్తుల ధర్మాసనం ఏకగ్రీవంగా చెప్పింది. గేటు దగ్గర కెమెరా పెట్టండి, కాదనను. చదువుకునే బల్ల మీదికి మాత్రం వద్దు.

– ఒక తల్లి, ఖమ్మం