చూసే కళ్ళు, ఆపే హక్కు

1996 ఏప్రిల్‌లో అమెరికాలోని పెన్సిల్వేనియాలో జెన్నిఫర్ రింగ్లీ అనే కాలేజీ విద్యార్థిని తన హాస్టల్ గదిలో ఒక చిన్న కెమెరా పెట్టుకుంది. కొన్ని నిమిషాలకొకసారి అది ఆమె గది బొమ్మను ఇంటర్నెట్‌లోకి పంపేది. ఆమె చదువుకోవడం, నిద్రపోవడం, ఊరికే కూర్చోవడం లక్షలాది మంది చూశారు. 2003 చివర్లో ఆమె దాన్ని ఆపేసింది. కెమెరా ఆమెది. ఆపే మీటా ఆమె చేతిలోనే ఉంది.

తర్వాత వచ్చిన వాళ్ళకు ఆ అదృష్టం లేదు. యూట్యూబ్ 2005లో మొదలైంది. 2011లో రెబెకా బ్లాక్ అనే పదమూడేళ్ళ అమ్మాయి పాడిన ‘ఫ్రైడే’ వీడియోను కోట్లసార్లు చూశారు. చాలామంది చూసింది వెక్కిరించడానికే. చంపుతామన్న బెదిరింపులు వచ్చాయి, పోలీసులు విచారించారు. ఆ పిల్ల బడి మానేసి ఇంట్లో చదువుకోవలసి వచ్చింది. పాట బాగాలేదనడం విమర్శ. పాడిన పిల్లను చావమనడం విమర్శ కాదు, హింస.

మన మస్తానమ్మగారి సంగతి వేరు. నూరేళ్ళు దాటిన ఆ అవ్వ పొలంలో పొయ్యి పెట్టి, పుచ్చకాయలో కోడికూర వండి, 2018 డిసెంబరులో చనిపోయేనాటికి ప్రపంచమంతటా అభిమానులను సంపాదించుకుంది. ఆ ఆదరణ మనకు సంతోషమే. కానీ ఒక్కమాట. జీవితమంతా పొయ్యిముందు గడిపే కోట్లాది ఆడవాళ్ళ వంటను ఎవరూ పని అనలేదు. కెమెరా ముందుకొచ్చాకే అది ఆదాయమైంది. ఇవాళ మన ఊళ్ళలో ఎందరో స్త్రీలు వీడియోల్లో వండుతున్నారు, ఆడుతున్నారు, నవ్విస్తున్నారు. ఆ ఖాతా ఎవరి పేర ఉంది? డబ్బు ఎవరి బ్యాంకులో పడుతోంది? వద్దనుకున్న రోజు ఆమె మానేయగలదా?

చట్టం కొంతవరకే తోడుంటుంది. సమాచార సాంకేతిక చట్టానికి 2008 సవరణతో వచ్చిన 66ఇ సెక్షన్, అనుమతి లేకుండా శరీర రహస్యభాగాలను చిత్రించడాన్ని, ప్రచారం చేయడాన్ని నేరమంది. నిండుగా బట్టలు కట్టుకున్న స్త్రీ నడకనో మాటనో ముక్కలు చేసి ఊరంతా నవ్వుకుంటే ఆ సెక్షన్ వర్తించదు. పరువు మాత్రం ఆమెదే పోతుంది. ‘కెమెరా ముందుకు ఎందుకెళ్ళావు?’ అన్న ప్రశ్నా ఆమెకే ఎదురవుతుంది.

ఆడవాళ్ళు కెమెరా ముందుకు రాకూడదని మనం అనడం లేదు. అది పాత కాపలా మాటే. మనం అడుగుతున్నది మూడే: తన శ్రమకు తన పేర ప్రతిఫలం, ఇచ్చిన సమ్మతిని వెనక్కు తీసుకునే హక్కు, పిల్లలు పెద్దయ్యాక తమ బొమ్మలను తీయించేసుకునే వీలు. ఇకపై ఒక వీడియో పదిమందికి పంపేముందు మనమూ ఆగి ఆలోచిద్దాం: ఇందులో ఉన్నామె దీనికి ఒప్పుకుందా?