పాస్‌పోర్టు ఒకటే, పుట్టినచోటే వేరు

కువైట్‌లో పనిచేసే కడప దంపతుల పిల్లల్లో పెద్దవాడు కడపలో పుట్టాడు, చిన్నది కువైట్‌లో పుట్టింది అనుకుందాం. ఇద్దరిదీ భారత పాస్‌పోర్టే. ఇద్దరూ ఇంటర్ పూర్తిచేసినా, 2025 అమెరికా డైవర్సిటీ వీసా లాటరీ నిబంధనల ప్రకారం దరఖాస్తు చేసే అర్హత చెల్లెలికే ఉంది. 1990 నాటి చట్టం చూసేది పౌరసత్వాన్ని కాదు, పుట్టిన దేశాన్ని. అయిదేళ్లలో 50 వేలకు మించి వలసదారులు వెళ్లిన దేశాలను అది పక్కన పెడుతుంది; వాటిలో భారత్ ఉంది, కువైట్ లేదు. నేపాల్‌లో పుట్టిన అమ్మాయిని పెళ్లాడితే మాత్రం, ఆమె పుట్టుకను చూపి అన్న కూడా అర్హుడైపోతాడు! భారత్‌ను పక్కన పెట్టడంపై ఇక్కడ పేచీ లేదు. ఏటా 55 వేలకు మించని ఆ వీసాలు తక్కువమంది వెళ్లే దేశాలవారికి దక్కడం న్యాయమే. కానీ ఒకే ఇంట, ఒకే భాషలో పెరిగిన ఈ ఇద్దరిలో చెల్లెలు అమెరికాకు అదనంగా తెచ్చే వైవిధ్యం ఏమిటి?

2011 మేలో, ఇదే లాటరీలో ఎంపిక యాదృచ్ఛికంగా జరగలేదని తేలి, సుమారు 22 వేల మందికి తెలిపిన ఫలితాలనే రద్దుచేశారు; తర్వాత మళ్లీ డ్రా తీశారు. డ్రాపై అంత పట్టుదల చూపినవారు, అందులోకి ఎవరి పేరు చేరాలో తేల్చేటప్పుడు మనిషి పెరిగిన దేశాన్ని కూడా లెక్కలోకి తీసుకోవాలి.