పుట్టినరోజు కానుకకి గడువా?

మావాడు ఆడే ఆన్‌లైన్ ఆటకి ఈ వారం పుట్టినరోజట. ఏడు రోజులూ తప్పకుండా లాగిన్ అయితేనే కానుకలన్నీ వస్తాయట. నాలుగో రోజు మా అత్తగారి ఊరు వెళ్ళాం. అక్కడ సిగ్నల్ అంతంతమాత్రం. నానమ్మ వేడివేడి గారెలు ముందు పెడితే, “ఇప్పుడే వస్తా నానమ్మా” అంటూ ఫోన్ పట్టుకుని డాబా ఎక్కేశాడు.

మనిళ్ళలో పుట్టినరోజైతే రాలేనివాళ్ళకి పాయసం గిన్నెలో పోసి మరీ పంపుతాం. రాలేదు కాబట్టి నీ వాటా పోయిందని ఎవరమైనా అంటామా? నాకైతే ఇది కానుకలా లేదు, బళ్ళో హాజరుపట్టీలా ఉంది.

2021లో గెన్షిన్ ఇంపాక్ట్ అనే ఆట మొదటి వార్షికోత్సవానికి కానుకలు మరీ తక్కువని ఆడేవాళ్ళు గోల చేశారు. అప్పుడు మరో 1,600 ప్రిమోజెమ్‌లు పంచారు. ఒక్కోసారి అదృష్టం చూసుకోవడానికి 160 కావాలి కాబట్టి, పదిసార్లకి సరిపోతాయన్నమాట. (ఈ లెక్కలన్నీ మావాడివే. ఎక్కాలు మాత్రం రావు!) గట్టిగా అడిగితే ఇస్తారుగా, మరి ఈ గడువు తీసెయ్యమని కూడా అడగొచ్చుగా అన్నాను.

“గడువు లేకపోతే రోజూ ఎవరొస్తారమ్మా?” అన్నాడు, స్క్రీన్ మీంచి కళ్ళు తీయకుండానే.

కింద గారెలు చల్లారిపోయాయి.