ఫోన్‌లో కారు బేరం

కారు కొనాలంటే ఒకప్పుడు పట్నం పోయి షోరూం మెట్లెక్కాలి. ఇప్పుడు షోరూమే సెల్‌ఫోన్‌లోకి వచ్చింది. ధర చూద్దామని నంబరు ఇస్తే చాలు, వరసగా ఫోన్లే. నడిపి చూసుకోమని బండిని ఇంటికే పంపే డీలర్లూ వున్నారు. 2025 సెప్టెంబరు 22 నుంచి చిన్నకార్లపై జీఎస్టీ 28 నుంచి 18 శాతానికి తగ్గి, సెస్సు కూడా పోవడంతో పల్లెల్లోనూ ఆశ పుట్టింది.

అయితే ప్రకటనలో పెద్ద అక్షరాలతో కనిపించేది షోరూం ధర. జీవితకాల పన్ను, రిజిస్ట్రేషను, బీమా కలిస్తే గాని బండి రోడ్డెక్కదు. కొత్త కారుకు మూడేళ్ల థర్డ్ పార్టీ బీమా 2018 సెప్టెంబరు నుంచి తప్పనిసరి. దానిని డీలరు వద్దే తీసుకోవాలన్న నిబంధన మాత్రం లేదు. ఈ మాట అడగనిదే చెప్పేవారు తక్కువ. మొత్తం ఖర్చును పద్దులవారీగా తెలుగులో చూపితే వారికి పోయేదేముంది?

పాత కార్ల బేరంలో ప్రమాదం యింకా ఎక్కువ. మిలటరీ ఉద్యోగినని, బదిలీ అయిందని నమ్మించి, బండి చూపకుండానే బయానా గుంజే మోసగాళ్లున్నారు. బండినీ ఆర్.సి.నీ కళ్లారా చూడనిదే పైసా పంపరాదు. మోసపోయినవారు వెంటనే 1930కి ఫోన్ చేయాలి. రవాణా శాఖ, పోలీసులు ఈ సంగతిని సంతల్లో మైకు పెట్టి చెప్పించాలి.